నిదానం గట్టు: పదకొండేళ్ల పచ్చి గాయం

పోయిన వారం హేమ్లాను రేగుల తండా మొదట్లో నిలబెట్టి వదిలాం. ఆ భాగం చూడనివాళ్లకు నాలుగు ముక్కల్లో సంగతి చెప్పాలి.

హేమ్లా బోరుబండి డ్రిల్లరు. చివ్వెంల నుంచి నిడమనూరు దాకా అతని చెయ్యి పడని ఊరు లేదు. వేసిన బోర్లలో ఎండిపోయినవాటిని వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. కాకినాడ నుంచి ఒకటిన్నర రోజు ఓడ ప్రయాణం పోతే, సముద్రం అడుగున ఒక రాతిగట్టు ఉంది. జాలర్లు దాన్ని నిదానం గట్టు అంటారు. పెద్ద పెద్ద యంత్రాలు ఆ రాయి మీద వరసగా విరిగిపోతుంటే, రాడ్డు మీద చెయ్యి వేసి రాయి గుణం చెప్పే మనిషి కావాలని ఓడవాళ్లు హేమ్లాను తీసుకుపోయారు. పన్నెండు రోజుల పని అన్నారు. గట్టు మీద ఓడ నిలిచింది పదకొండు రోజులు. ఆ పదకొండు రోజుల్లో ఒడ్డున పదకొండేళ్లు గడిచాయి. నల్గొండ జిల్లాలో బస్సెక్కినవాడు సూర్యాపేట జిల్లాలో దిగాడు. రాష్ట్రమే వేరైంది. పన్నెండేళ్ల కూతురు జ్యోతికి ఇరవై మూడు నిండాయి. భార్య చాందీ నాలుగేళ్ల కిందట పోయిందని బామ్మర్ది లింగ్యా గుమ్మంలోనే చెప్పాడు. ఏడవడానికి వ్యవధి కూడా ఇవ్వకుండా రెండో మాట చెప్పాడు. ఆదివారం పొద్దున తండా పెద్దల ముందు నిలబడాలి.

ఆ ఆదివారం వచ్చింది.

బడి ముందరి రేకుల షెడ్డు కింద ఐదుగురు పెద్దలు ప్లాస్టిక్ కుర్చీల్లో కూర్చున్నారు. ఆడవాళ్లు గోడవారగా చేరారు. హేమ్లాకు కుర్చీ వేయలేదు. అతను అడగలేదు. పక్కనే ఇనుప స్తంభం ఉన్నా దానికి ఆనుకోలేదు.

రేగుల తండాలో ఒక పద్ధతి ఉంది. తప్పు చేసినవాడు భుజం మీది తువ్వాలు తీసి పెద్దల ముందు నేల మీద పరవాలి. తప్పయిందని ఒక్క మాట అనాలి. పెద్దలు దాన్ని ఎత్తి మళ్లీ అతని భుజం మీద వేస్తారు. అంతటితో ఆ తప్పు చచ్చిపోయినట్టే. పెళ్లిలో తాగినవాడైనా, పొలం దగ్గర తిట్టుకున్నవాడైనా దాని ఊసు మళ్లీ ఎత్తకూడదు. ఎత్తితే వాడే తువ్వాలు పరవాలి. ఎంత పెద్ద తప్పుకైనా అంతే. మనిషిని ఊళ్లో ఉంచుకోవడానికి తాతలు కనిపెట్టిన సులువు అది.

హేమ్లా భుజం మీద ఆ పొద్దున తువ్వాలు లేదు. లింగ్యాయే ఒక కొత్తది తెచ్చి అతని చేతిలో పెట్టాడు.

"పరిచెయ్ బావా. ఒక్కటే మాట. మేమే ఎత్తి నీ భుజం మీదేస్తం. పక్క రూము కడిగించిన. అండ్ల ఉండు. బువ్వకు లోటుండదు."

లింగ్యా హేమ్లా కంటే రెండేళ్లు చిన్నవాడు. ఇప్పుడు తొమ్మిదేళ్లు పెద్ద. మీసాలు నెరిశాయి, పొట్ట వచ్చింది. అయినా ఆ నోట్లోంచి వచ్చే పిలుపు మాత్రం బావే. తన లెక్కలో మూడు వారాల కిందట ఇదే లింగ్యా అతని బండి మీద వెనక కూర్చొని సూర్యాపేట వచ్చాడు. ఆ ముఖాన్ని ఈ ముఖంలో వెతుక్కోవలసి వస్తోంది హేమ్లాకు.

"ఏం తప్పు జేసిన్నని పరువాలె?" అన్నాడు.

"పెండ్లాం బిడ్డనిడిసి మిర్యాలగూడల ఇంకో సంసారం పెట్టుడు తప్పు గాదా?"

"పెడితే తప్పే. నేను పెట్టలే."

"మరి పదకొండేండ్లు యాడ సచ్చినవ్?"

"సముద్రంల. బోరేసిన."

గోడవార నుంచి ఎవరో కిసుక్కుమన్నారు. వెనక వరసలోంచి ఒక ముసలామె గొంతు లేచింది. "సముద్రంల బోరేందిరా హేమ్లా, ఆడ నీళ్లు సాలకనా?"

షెడ్డు రేకులు ఎగిరిపోయేలా నవ్వారు. పెద్దల్లో ఇద్దరు తువ్వాళ్లు నోటికి అడ్డం పెట్టుకున్నారు. హేమ్లా నవ్వు అయ్యేదాకా ఆగాడు. తనను దొంగ మొగుడన్నా ఓర్చుకున్నాడు. తన పనిని చూసి నవ్వితే మాత్రం దవడ బిగిసింది.

"నవ్విన్రా? ఇగ ఇనుండ్రి," అన్నాడు. "గా గట్టు రాయి అసొంటిసొంటిది గాదు. మన దిక్కు నల్లరాయి దానిముందట బెల్లం గడ్డ. మూడు దేశాలోళ్లు మూడు మిషన్లు తెచ్చి ఇరగ్గొట్టుకున్నరు. నేను రాడ్డు మీద చెయ్యేసి, జర నిమ్మళంగ తిప్పుండ్రి, ఇది పగిలే రాయి గాదు, అరిగే రాయి అన్న. తిప్పిన్రు. దిగింది. నూటముప్పై రెండు రాడ్లు దించిన. పైకొచ్చిన పొడి ఎచ్చగుండె. పొయ్యిల బూడిద లెక్క. అంత లోతు నీళ్లల్లకెల్లి ఎచ్చటి పొడి ఎట్లొస్తది? గదీ అడిగిన. ఎవ్వడు జెప్పలే."

పెద్దల్లో వయసు మీరినవాడు కళ్లద్దాలు సర్దుకున్నాడు. "పదకొండేండ్లు పొయ్యేది నీకు తెల్వదా? తెల్లారలేదా, పొద్దు గూకలేదా?"

"లేదు తాతా. తెల్లారుడు లేదు, గూకుడు లేదు. ఆకాశమంత బియ్యం కడిగిన నీళ్ల తీరుగుండె. పొగమంచన్నరు. నేను దినాలు లెక్కబెట్టలే. రాడ్లు లెక్కబెట్టిన. దినానికి పన్నెండు."

డ్రిల్లర్లందరి అలవాటూ అదే. బోరు దగ్గర కూర్చున్నవాడు గడియారం చూడడు, సూర్యుణ్ణి చూడడు. ఎన్ని రాడ్లు దిగాయో అంత పొద్దు గడిచిందనుకుంటాడు. అనంతగిరిలో, చివ్వెంలలో ఇరవై ఏళ్లు ఆ లెక్క తప్పలేదు. నేల మీద తప్పని లెక్క నీళ్ల మీద ఇలా తప్పుతుందని హేమ్లాకు ఎవరు చెప్పాలి?

"కథ మంచిగ కట్టినవ్ బావా," అన్నాడు లింగ్యా. నవ్వుతూ అనలేదు. "కానీ నేను నా కండ్లతోని సూసిన. నువ్వు పోయిన రెండో ఏడు మిర్యాలగూడల మూడు దినాలు మిల్లుమిల్లు తిరిగిన. తౌడు బస్తా ఎత్తుకొని పోతున్నవ్. పక్కన ఆడమనిషి."

"నా మొఖం సూసినవా?"

లింగ్యా పెద్దల వైపు తిరిగాడు.

"అడుగుతున్న గద. మొఖం సూసినవా?"

"ఈపు సూసిన. నడక సూసిన. ఎడమ కాలు జర ఈడుస్తవ్ నువ్వు. గదే నడక."

"దగ్గరికొచ్చి పిలిసినవా?"

"ఎందుకు పిలువాలె?" లింగ్యా గొంతు పెరిగింది. "మా అక్కను ఇడిసిపోయినోన్ని, రా బావా అని బతిమాలుతనా? లింగ్యా అసొంటోడు గాదు. అప్పుడే మర్లి బస్సెక్కిన."

"అంటే, ఎవనిదో ఈపు సూసి, ఇంటికొచ్చి నా పెండ్లానికి నేను లేసిపోయిన్నని జెప్పినవ్."

నాలుగు అడుగులు ముందుకు వేసి ఒక మనిషిని భుజం పట్టి తిప్పి ఉంటే సరిపోయేది. పరువు అడ్డం వచ్చి లింగ్యా ఆ నాలుగు అడుగులు వేయలేదు. ఆ నాలుగు అడుగుల పాపాన్ని ఐదేళ్లు చాందీ మోసింది, తొమ్మిదేళ్లు జ్యోతి మోసింది.

"తువ్వాల పరుస్తవా, పరువవా?" పెద్దాయన అడిగాడు. కోపంగా కాదు, అలసటగా. "పరిస్తే అయిపాయె. నీకూ మంచిది, పిల్లకూ మంచిది. పరువకపోతే తండాల ఉండుడు కష్టం."

హేమ్లా చేతిలోని కొత్త తువ్వాలును మడతలు విప్పకుండానే చూశాడు. ఒక్క అబద్ధం ఆడితే చాలు. రూము ఉంది, బువ్వ ఉంది, కూతురు ఒకే గోడ అవతల ఉంటుంది. కానీ ఆ అబద్ధం ఆడిన గడియ నుంచి చాందీ మరో ఆడదాని కోసం లేచిపోయినవాడి పెళ్లాంగానే చచ్చినట్టు. ఆమె పేరు అలా ఉండిపోతుంది.

"పరువ," అన్నాడు. తువ్వాలు తీసుకెళ్లి లింగ్యా ఒళ్లో పెట్టాడు. "తండా బయట చెట్టు కింద పండుకుంట. జెయ్యని తప్పు ఒప్పుకోను."

"ఎంత గీర!" అన్నారు ఆడవాళ్లలో ఎవరో.

అప్పుడే బడి గేటు దగ్గర ఆటో ఆగింది. ముందు జ్యోతి దిగింది. జ్యోతి సూర్యాపేటలో ఒక దవాఖానలో నర్సు. మూడు రోజులుగా ఒకే ఇంట్లో ఉన్నా, తండ్రిని ఏ వరసా పెట్టి పిలవలేదు. నీళ్లు పెట్టి "ఇగో" అంటుంది, అన్నం పెట్టి "ఇగో" అంటుంది. ఈ పొద్దున ఎవరికీ చెప్పకుండా తెల్లవారగానే కోదాడ బస్సెక్కింది. ఇప్పుడు ఆమె చెయ్యి పట్టుకొని తెల్లచీర కట్టిన పెద్దామె దిగింది. చేతిసంచిలోంచి బైబిలు అంచు కనిపిస్తోంది.

ఆమె సువార్తమ్మ. సూర్యాపేటలో ముప్పై ఏళ్లు నర్సుగా చేసి, రిటైరై కోదాడలో ఉంటోంది. జ్యోతికి పని నేర్పింది ఆమే.

"మామా, ఒక్క అయిదు నిమిషాలు," అంది జ్యోతి లింగ్యాతో. తర్వాత హేమ్లా వైపు తిరిగింది. కళ్లలోకి చూడలేదు. "కుడి చెయ్యి ఇటియ్యి."

హేమ్లాకు అర్థం కాలేదు. ఓడ ఎక్కడానికి రెండు రోజుల ముందు, అనంతగిరి బోరు దగ్గర రాడ్డు మారుస్తుంటే పానా జారి అరచెయ్యి చీలింది. సూర్యాపేట వెళ్లి కుట్లు వేయించుకున్నాడు. పది రోజులకు వచ్చి విప్పించుకొమ్మన్నారు. ఓడ మీద విప్పేవాళ్లు లేరు. దిగాక జరిగిన గందరగోళంలో ఆ సంగతే మరిచాడు. చెయ్యి చాపాడు.

నిన్న అన్నం తినేటప్పుడు జ్యోతి ఆ చెయ్యి చూసింది. చూసి, గిన్నె అక్కడే పెట్టి లోపలికి పోయింది.

సువార్తమ్మ కళ్లద్దాలు తుడుచుకొని వంగింది. ఒక్కొక్క కుట్టును గోటితో మెల్లగా కదిపి చూసింది. ఏడు కుట్లు. నల్లదారం. చర్మం అంచులు ఇంకా ఎర్రగా ఉన్నాయి. ఐదో కుట్టు దగ్గర ఆగి, మళ్లీ మొదటికి వచ్చింది.

"ఈ చెయ్యి కుట్టింది నేనే," అంది.

"ఎప్పుడు కుట్టినవమ్మా?" పెద్దాయన అడిగాడు.

"గాయం వయసు చూస్తే మూడు వారాలకు ఒక రోజు తక్కువ. అంతకు మించి ఉండదు పెద్దాయనా. దారం కింద చర్మం ఇప్పుడిప్పుడే పట్టుకుంటంది."

లింగ్యా చేతులు తట్టాడు. "సూసిన్రా! ఇరువై దినాల కింద సూర్యాపేటల్నే ఉన్నడు. ఈమెతోనే కుట్లేయించుకున్నడు. సముద్రమట, గట్టట!"

సువార్తమ్మ అతని వైపు చూసింది. బడిపిల్లలను చూసినట్టు చూసింది.

"నీ పేరేంది బాబూ?"

"లింగ్యా."

"లింగ్యా, నేను పుర్రచేతిదాన్ని. ముడి అందరూ ఇటు లాగితే నేను అటు లాగుతా. మూడో కుట్టుకొకసారి ముడి మీద ఇంకో ముడి వేస్తా. మా డాక్టర్లు ఎన్నోసార్లు తిట్టారు, మానలేదు. సూర్యాపేటలో కుట్టు చూసి, ఇది సువార్తమ్మదని చెప్పేవాళ్లు. ఇంకెవరికీ రాలేదు ఆ ముడి. ఈ పిల్లకు ఆరు నెలలు నేర్పితే దీనికీ రాలేదు."

"రాలే," అంది జ్యోతి.

"బాగుంది. ఇప్పుడిది చూడు."

ఆమె తన ఎడమచెయ్యి చీరకొంగులోంచి బయటకు తీసింది. బొటనవేలు, దాని పక్క రెండు వేళ్లు వంకర తిరిగి అరచేతికి అతుక్కుపోయి ఉన్నాయి.

"బస్సు తలుపులో పడి నలిగింది. మూడేళ్లయింది. అప్పట్నుంచి ఈ చెయ్యి సూది పట్టలేదు. గ్లాసు కూడా పట్టలేదు. అడిగితే కోదాడ చర్చిలో నూరు మంది చెబుతారు." ఆమె హేమ్లా అరచెయ్యిని ఎత్తి, పెద్దలందరికీ కనబడేటట్టు తిప్పింది. "ఈ కుట్టు నాదే. నా చెయ్యి చెడి మూడేళ్లు. గాయానికి మాత్రం ఇరవై రోజులు. ఇది ఎట్లా అయిందో నాకు తెలియదు. నేను అబద్ధం ఆడను. నా కుట్టూ ఆడదు."

ఎవరూ నవ్వలేదు. ఇందాక నవ్వించిన ముసలామె లేచి వచ్చి, హేమ్లా అరచెయ్యిని దగ్గరగా చూసి, తల మీద కొంగు కప్పుకొని వెనక్కి పోయింది. పెద్దాయన కుర్చీలోంచి లేచాడు. తన కుర్చీని కాలితో హేమ్లా వైపు జరిపాడు.

హేమ్లా కూర్చోలేదు.

లింగ్యా ముఖం పాలిపోయింది. ఒళ్లో ఉన్న కొత్త తువ్వాలును ఒకసారి చూసుకున్నాడు. మడత విప్పాడు. హేమ్లా కాళ్ల ముందు నేల మీద పరిచాడు. "తప్పయింది బావా," అన్నాడు.

పద్ధతి ప్రకారం ఎత్తాల్సింది పెద్దలు. కానీ ఆ తప్పుకు బలైనవాడు ఎదురుగా ఉంటే అతనే ముందు చెయ్యి వేయాలి. ఐదుగురూ హేమ్లా వైపు చూశారు.

హేమ్లా వంగలేదు.

"ఈ తప్పు నాది గాదు లింగ్యా, మాఫ్ జెయ్యడానికి. మీ అక్కది. ఆమె లేదు. అది అట్లనే ఉండనియ్యి." అతను తువ్వాలును తొక్కకుండా పక్కనుంచి నడిచి లింగ్యా ఎదుట నిలిచాడు. "నన్ను ఆమెను పెట్టిన కాడికి తీస్కపో. ముందుగాల ఆమెకు జెప్పాలె. నేను లేసిపోలేదని. తర్వాత మీ అందరికీ."

లింగ్యా తల వంచుకున్నాడు.

"నడువు. ఏడ పెట్టిన్రు?"

"ఈడ గాదు బావా. కాకినాడల. నిన్ను ఎతుక్కుంట పోయింది. ఆడనే జొరమొచ్చి... ఆడనే చేసొచ్చిన."

"కాకినాడల యాడ? జాగ ఉంటది గద. నడువు, బస్సెక్కుదాం."

లింగ్యా చూపు నేల మీది తువ్వాలు మీదికి పోయింది. జ్యోతి గొంతు వినబడింది. ఇంతసేపూ ఆమె తండ్రి అరచేతినే చూస్తూ నిలబడి ఉంది.

"బాపూ."

పదకొండేళ్ల తర్వాత ఆ పిలుపు. హేమ్లా గిర్రున తిరిగాడు.

"బాపూ, నీ మాట నిజమైతే... ఆడ ఒక దినం, ఈడ ఒక ఏడాది. గంతేనా?"

"గంతే."

"పక్కానా?"

"నా చెయ్యి సూసినవ్ గద బిడ్డా."

జ్యోతి మేనమామ వైపు చూసింది. "మామా, నువ్వు జెప్తవా, నేను జెప్పాలనా?" లింగ్యా నేల మీది తువ్వాలునే చూస్తూ కూర్చున్నాడు. ఆమె ఆగలేదు. "యాడికి జొరం రాలే బాపూ. ఏ జొరం రాలే." తల్లిని తండాలో అలాగే పిలుస్తారు, యాడి అని. "జాలరోళ్లు ఆమెకు గట్టు సంగతి జెప్పిన్రు. ఆడికి పోయినోళ్లు ఆలస్యంగొస్తరు, కానీ వస్తరని. మిర్యాలగూడ ముచ్చట ఆమె ఒక్కనాడు నమ్మలే. ఒక ముసలి జాలరిని తీస్కొని చిన్న పడవల పోయింది. నిన్ను తోలుకొస్తనని నాకు ఫోన్ జేసి జెప్పింది. మల్ల రాలే. మునిగిపోయిందనుకున్నం. మొగుని ఎంబడి సముద్రంల పడ్డదంటే పరువు పోతదని మామ జొరమని జెప్పిండు. నేను నోరు మూసుకున్న."

"ఎన్నాళ్లయింది?" హేమ్లా అడిగాడు.

"శనివారానికి నాలుగేండ్లు." జ్యోతి పెదాలు తడుపుకుంది. "అంటే ఆమెకు నాలుగు దినాలు. గట్టు కాడికని నీళ్ల క్యాన్లు నాలుగు తీస్కపోతున్నని జెప్పింది. దినానికొకటి."

హేమ్లా ఇనుప స్తంభాన్ని పట్టుకున్నాడు.

ఓడ మీద ఎనిమిదో రోజు. తొంభయ్యో రాడ్డు దిగుతోంది. ఆ బియ్యం నీళ్ల వెలుగులో ఏదో చిన్న పడవ కనబడుతోందని ఎవరో అరిచారు. పని వదిలి అందరూ కమ్మీల దగ్గరికి పరుగెత్తారు. ఎవరో ఆడమనిషి చెయ్యి ఊపుతోందని కూడా అన్నారు. రాడ్డు మధ్యలో ఉండగా హేమ్లా తలెత్తడు. ఇరవై ఏళ్లలో ఒక్కసారి ఎత్తలేదు. అది చెప్పుకొని మురిసేవాడు. ఆ రోజు కూడా ఎత్తలేదు. రాడ్డు దిగాక చూస్తే మంచు తప్ప ఏమీ లేదు.

లింగ్యా నాలుగు అడుగులు వేయలేదు. తను తల ఎత్తలేదు.

"సూసిన్రు," అన్నాడు. "మావోళ్లు ఆమెను సూసిన్రు. నేను సూడలే."

సువార్తమ్మ తన మంచి చెయ్యి అతని భుజం మీద వేసింది. అతను ఆ చెయ్యిని మెల్లగా తీసి, గేటు వైపు నడిచాడు. జ్యోతి ముందుకు వచ్చి అడ్డం నిలబడింది.

"పోయి ఎతికి రానీకి ఎంత పడతది?"

"గట్టు పొడుగ్గుంటది. ఒక దినం. రెండు దినాలు."

"రెండేండ్లు." పెద్దాయన నోట్లోంచి ఆ మాట అప్రయత్నంగా వచ్చింది. జ్యోతి విననట్టే ఆటో దగ్గరకు వెళ్లి, అందులో ఉన్న తన బ్యాగు తెచ్చుకుంది. జిప్పు లాగింది. ఫోనులో కాకినాడ జాలర్ల పాత నంబరు ఒకటి వెతికింది. తల ఎత్తినప్పుడు ఆ దవడ బిగింపు అచ్చం హేమ్లాదే.

"పా బాపూ," అంది. "ఇగ ఈ తండాల ఎదురుసూసే ఆడది లేదు."